పక్క వెంచర్‌లోని కరెంటు లైన్ మా పొలంలోకి మారుస్తున్నారు, ఆపగలనా?

ప్రశ్న: వకీలు సారుకు నమస్కారం. మాది సంగారెడ్డి జిల్లాలో ఒక ఊరు. నా పేరు మీద 2 ఎకరాల 20 గుంటల పొలం ఉంది. మా ఆయన పోయి ఆరేళ్లయింది. పత్తి వేస్తాను, ఒక బోరు ఉంది. మా పక్క భూమిలోంచి 11 కేవీ లైన్ పోతోంది. నేను పెళ్లై వచ్చినప్పటి నుంచి అది అక్కడే ఉంది. ఆ భూమిని రెండేళ్ల కింద ప్లాట్ల వెంచర్ వాళ్లు కొన్నారు. ఇప్పుడు ఆ లైన్‌ను వాళ్ల ప్లాట్ల మీద నుంచి తీసి మా పొలం నడుమ నుంచి ఐమూలగా వేస్తున్నారు. నాకు ఏ కాగితమూ రాలేదు. ఒకరోజు పొద్దున పోయేసరికి సున్నం గుర్తులు, మూడు గుంతలు, నిలబెట్టిన ఒక స్తంభం కనిపించాయి. కరెంటు ఆఫీసు ఏఈ గారిని అడిగితే, "రైతు సమ్మతి మాకు అవసరం లేదమ్మా, అడ్డుపడితే కేసవుతుంది" అన్నారు. వెంచర్ మనిషేమో 50 వేలు ఇస్తాను, ఒక సంతకం పెట్టమంటున్నాడు. ఊళ్లో పెద్దమనుషులు తీసుకోమంటున్నారు. మా అబ్బాయి బోరు పక్కన ఇల్లు కట్టాలనుకుంటున్నాడు. ఈ లైన్‌ను నేను ఆపగలనా? కోర్టుకు పోతే గెలుస్తానా? రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు, ఒకటే టెన్షన్.
— ఒక మహిళా రైతు

సమాధానం:

అమ్మా,

అన్నిటికన్నా ముందు, ఆ కాగితం మీద సంతకం పెట్టకండి. 50 వేలు తక్కువా ఎక్కువా అన్నది తర్వాత మాట్లాడుకుందాం. వాళ్లు అడుగుతున్నది ఉత్త డబ్బు ముట్టిన రసీదు కాకపోవచ్చు. 'నా పొలంలోంచి లైన్ వేసుకోవడానికి నాకు ఏ అభ్యంతరమూ లేదు' అనే ఎన్‌ఓసీ అయ్యుంటుంది. అది ఒకసారి ఆఫీసు ఫైల్లోకి వెళ్లిందంటే నేను కింద చెప్పబోయే దారుల్లో చాలావరకు మూసుకుపోతాయి. ఒక పక్క ఏఈ గారు మీ సమ్మతి అక్కర్లేదంటున్నారు, ఇంకో పక్క వెంచర్ మనిషి అదే సమ్మతి కోసం మీ ఇంటికి వస్తున్నాడు. నిజంగా అక్కర్లేని సంతకానికి ఎవరూ 50 వేలు ఇవ్వరు. మీ కేసులో బలం ఎక్కడుందో వాళ్లే మీకు చెబుతున్నారు.

ఏఈ గారి మాటలో సగం నిజం ఉంది. ఆ సగం ఏమిటో మీకు ముందే తెలియాలి. లేకపోతే రేపు అవతలి వకీలు అదే మాట అన్నప్పుడు మీ కాళ్లు వణుకుతాయి. 2003 విద్యుత్ చట్టంలో 164వ సెక్షన్ ఉంది. దాని ప్రకారం ప్రభుత్వం ఒక విద్యుత్ సంస్థకు, 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టంలో టెలిగ్రాఫ్ శాఖకు ఉన్న అధికారాలను రాతపూర్వకమైన ఉత్తర్వుతో ఇవ్వొచ్చు. ఆ అధికారం ఉన్న సంస్థ రైతును అడగకుండానే పొలాల మీదుగా లైన్ వేయొచ్చు. భూమి మీ పేరు మీదే ఉంటుంది. లైన్ వేసి నడుపుకునే హక్కు మాత్రమే వాళ్లకు వస్తుంది. ఛత్తీస్‌గఢ్‌లో సున్నపురాయి గనుల లీజున్న సెంచురీ టెక్స్‌టైల్స్ అనే పెద్ద కంపెనీ, తన భూమి మీదుగా పవర్‌గ్రిడ్ అనే కేంద్ర ప్రభుత్వ సంస్థ లైన్ వేయడాన్ని సవాలు చేస్తూ సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 2016 డిసెంబరులో ఓడిపోయింది. 164 కింద అధికారం ఇచ్చాక యజమాని సమ్మతితో పనిలేదని కోర్టు స్పష్టంగా చెప్పింది. టెలిగ్రాఫ్ చట్టం రద్దయింది కదా అని మీకెవరైనా ధైర్యం చెబితే నమ్మకండి. 2023 టెలికమ్యూనికేషన్స్ చట్టం దాన్ని రద్దు చేసినా, 164 కింద వేసే కరెంటు లైన్ల విషయంలో పాత చట్టంలోని మూడో భాగం కొనసాగుతుందని అందులోనే రాశారు.

ఇక ఏఈ గారు చెప్పని సగం. ఆ 164 ఉత్తర్వు లేని చోట 67వ సెక్షన్ కింద కేంద్రం 2006లో తెచ్చిన లైసెన్సీల (అంటే కరెంటు సంస్థల) పనుల నిబంధనలు వర్తిస్తాయి. వాటిలో మూడో నిబంధన మీలాంటి వాళ్ల కోసమే ఉంది. ఎవరి భూమిలోనైనా లైన్ గానీ, స్తంభం గానీ, దాన్ని పట్టి ఉంచే స్టే వైరు గానీ వేయాలంటే ముందుగా యజమాని సమ్మతి తీసుకోవాలి. యజమాని అభ్యంతరం చెబితే జిల్లా మేజిస్ట్రేట్, అంటే మన కలెక్టర్ గారు, లేదా పోలీస్ కమిషనర్, లేదా ప్రభుత్వం నియమించిన ఇంకో అధికారి రాతపూర్వకంగా అనుమతి ఇవ్వాలి. ఆ అనుమతి ఇచ్చేటప్పుడే నష్టపరిహారం ఎంతో, లేదా ఏటా ఎంత అద్దె కట్టాలో, అవసరమైతే రెండూ కలిపి నిర్ణయించాలి. ఆ ఉత్తర్వు మీకు నచ్చకపోతే విద్యుత్ నియంత్రణ మండలికి వెళ్లొచ్చు.

ఈ రెండింటిలో మీకు వర్తించేది ఏదన్నది ఏఈ గారి నోటిమాటతో తేలేది కాదు. 'మాకు అధికారం ఉంది' అనే వాళ్లు ఆ అధికారం ఇచ్చిన ఉత్తర్వు నకలు చూపించాలి. అందుకని మీరు వేసే మొదటి దరఖాస్తులో మొదటి ప్రశ్న అదే కావాలి: ఏ చట్టం కింద, ఏ ఉత్తర్వు ప్రకారం నా పొలంలో ఈ స్తంభం పాతారు?

సరే, ఉత్తర్వు ఉందనే అనుకుందాం. అప్పటికీ మీ కేసు అయిపోలేదు. నా లెక్కలో మీ కేసు అసలు అక్కడే మొదలవుతుంది.

సెంచురీ కేసులో లైన్ వేసింది దేశానికి కరెంటు మోసే పని కోసం. మీ పొలంలోకి లైన్ రావడానికి కారణం అది కాదు. ఊరికి కొత్తగా కరెంటు రావడం లేదు, లోడు పెరగలేదు, కొత్త సబ్‌స్టేషన్ కట్టలేదు. ఒకాయన ప్లాట్లు అమ్ముకోవడానికి తన నెత్తిన ఉన్న తీగ అడ్డమొచ్చింది, అది మీ నెత్తి మీదకు మారుతోంది. టెలిగ్రాఫ్ చట్టం మాకు వర్తిస్తుందని వాళ్లంటే, అదే చట్టంలోని 17వ సెక్షన్ కూడా చదవమనండి. తన భూమిలో లైన్ ఉన్న మనిషి ఆ భూమిని వేరే విధంగా వాడుకోదలిస్తే లైన్‌ను మార్చమని అడగొచ్చని అందులో ఉంది. ఎక్కడికి మార్చమని? అదే ఆస్తిలోని ఇంకో భాగానికి, లేదా ఇంకా ఎత్తుకు, లేదా కిందికి, లేదా ఇంకో రూపంలోకి. ఆ సెక్షన్‌లో పక్కవాడి పొలం ప్రస్తావనే లేదు. సంస్థ ఆ కోరికను పట్టించుకోకపోతే ఆయన వెళ్లాల్సింది కలెక్టర్ దగ్గరికి. 2006 నిబంధనల్లో కూడా, ఉన్న లైన్‌ను తీయించాలన్నా మార్పించాలన్నా తగిన కారణం చూపి కలెక్టర్ నుంచి రాతపూర్వకమైన ఆదేశం తెచ్చుకోవాలనే ఉంది. అంటే ఏ దారిలో వెళ్లినా ఇలాంటి తగాదా తేల్చాల్సింది కలెక్టర్. సెక్షన్ ఆఫీసులో ఒక ఎస్టిమేట్ వేసి, వెంచర్ డబ్బు కట్టి, కాంట్రాక్టర్ రాత్రికి రాత్రి గుంత తవ్వినంత మాత్రాన అది తేలినట్టు కాదు.

కేంద్ర విద్యుత్ ప్రాధికార సంస్థ భద్రతా నిబంధనలు కూడా చూడండి. 2010లో వచ్చాయి, 2023లో వాటి స్థానంలో కొత్తవి తెచ్చారు. లైన్ దగ్గర నిర్మాణం చేయబోయే మనిషి ముందుగా సంస్థకు తెలపాలి. అప్పుడు సంస్థ ఆ లైన్ మార్చడం సాంకేతికంగా కుదురుతుందా, కొత్త దారికి హక్కు ఉందా, ఖర్చు ఎవరిది అనేవి పరిశీలించాలి. మీ పొలంలో ఆ దారి హక్కు ఉందో లేదో ఎవరైనా చూశారా? చూసి ఉంటే ఫైల్లో మీ పేరు, మీ సర్వే నంబరు, మీ జవాబు ఉండాలి. లేవంటే ఆ ఫైల్లో లేనివే మీ సాక్ష్యం.

లైన్ మార్పు ఇలా ప్రైవేటు వాళ్ల డబ్బుతో జరిగితే ఆఫీసు భాషలో దాన్ని డిపాజిట్ కాంట్రిబ్యూషన్ వర్క్ అంటారు. డీసీడబ్ల్యూ అని పొట్టిగా రాస్తారు. మీరు ఈ మాట గుర్తుపెట్టుకోండి. లైన్‌ను ఎవరు మార్చమన్నారు, ఎవరు డబ్బు కట్టారు అనేది ఆ ఫైల్లో తేదీలతో సహా ఉంటుంది. సమాచార హక్కు చట్టం కింద ఆ సంస్థ డివిజన్ ఆఫీసులో పది రూపాయల ఫీజుతో దరఖాస్తు పెట్టండి. వెంచర్ వాళ్లు ఇచ్చిన దరఖాస్తు, ఎస్టిమేట్, శాంక్షన్ లెటర్, కొత్త అలైన్‌మెంట్ (లైన్ పోయే దారి) స్కెచ్, డబ్బు కట్టిన రసీదు, మీకు ఇచ్చినట్టు చెప్పే నోటీసు, 164 ఉత్తర్వు, వీటన్నిటి నకళ్లు అడగండి. శాంక్షన్ లెటర్‌లో 'వే లీవ్ (ఇతరుల భూమిలోంచి లైన్ పోయే దారి) సమస్యలు వస్తే దరఖాస్తుదారుడే పరిష్కరించుకోవాలి' అనే షరతు ఉందేమో ప్రత్యేకంగా చూడండి. ఉంటే, మిమ్మల్ని ఒప్పించే బాధ్యత వెంచర్‌దేనని సంస్థే ఒప్పుకున్నట్టు. జవాబుకు చట్టం 30 రోజుల గడువు ఇస్తుంది. అంతవరకు చేతులు కట్టుకుని కూర్చోకండి, ఎందుకంటే 30 రోజుల్లో పది స్తంభాలు పాతొచ్చు.

కలెక్టర్‌కు ఇచ్చే అర్జీలో ఒక మాట మొదటి పేరాలోనే రాయించండి: పాత లైన్ ఇంకా అక్కడే నిలబడి ఉంది, దాంట్లో కరెంటు పోతూనే ఉంది, ఈ పని ఆగితే ఊళ్లో ఒక్క ఇంట్లో కూడా దీపం ఆరదు. ఇది చాలా ముఖ్యం. ఇలాంటి కేసుల్లో అవతలివాళ్లు మొదట అనేది 'ప్రజా ప్రయోజనం ఆగిపోతోంది' అనే. ఏ కోర్టైనా పని ఆపుతూ మధ్యంతర ఉత్తర్వు ఇచ్చే ముందు ఎవరికి ఎక్కువ నష్టమని చూస్తుంది. పని ఆగితే వెంచర్ వాళ్లకు కొన్ని ప్లాట్ల రిజిస్ట్రేషన్ ఆలస్యమవుతుంది, అంతే. ఆగకపోతే మీ రెండున్నర ఎకరాలు రెండు ముక్కలవుతాయి. పాత లైన్ ఉండగానే ఈ మాట అనగలరు. కొత్త లైన్ ఛార్జ్ చేసి, అంటే కరెంటు ఎక్కించి, పాత స్తంభాలు పీకేశాక ఇదే మాటకు బలం ఉండదు. అప్పుడు కోర్టులు చాలావరకు 'అయిందేదో అయింది, పరిహారం అడుక్కోండి' అంటాయి. అందుకే వారాలు కాదు, రోజులు లెక్కపెట్టుకోవాలి అంటున్నాను.

లైన్ వద్దు అని మాత్రమే రాస్తే అర్జీ బలహీనమవుతుంది. ఎక్కడ వేయొచ్చో కూడా మీరే చూపించండి. వెంచర్ లేఅవుట్‌లో రోడ్లు ఉంటాయి కదా. ఆ రోడ్ల పక్క నుంచి స్తంభాలు వేసుకుంటే ఒక్క ప్లాటు మీద కూడా తీగ పోదు, 17వ సెక్షన్ చెప్పినట్టు వాళ్ల భూమిలోనే ఇంకో చోటికి మారినట్టవుతుంది. స్తంభాలు కనిపిస్తే ప్లాట్లు అమ్ముడుపోవనుకుంటే అండర్‌గ్రౌండ్ కేబుల్ వేయించుకోవచ్చు. ఖర్చు ఎక్కువే, కానీ ఆ లాభం వాళ్లదే కాబట్టి ఆ ఖర్చూ వాళ్లే భరించాలి. అదీ కుదరదంటే మీ ఊరి బండ్ల బాట వెంట, లేదా చివరికి మీ గట్టు వెంట. గట్టు వెంట అనేది మీ ఆఖరి మాట కావాలి తప్ప మొదటి మాట కాకూడదు. టిప్పన్ (పొలం సర్వే పటం) నకలు తీసుకుని, దాని మీద ఎర్ర పెన్నుతో వాళ్ల లైన్, పచ్చ పెన్నుతో మీరు చెప్పే దారి గీయించి జతచేయండి. కలెక్టర్ ఆఫీసులో మీ నాలుగు పేజీల అర్జీ చదివే తీరిక ఉండకపోవచ్చు, ఆ బొమ్మను మాత్రం తప్పకుండా చూస్తారు.

అర్జీలో బోరు సంగతి విడిగా రాయండి. పట్నంలో కూర్చునే వాళ్లకు ఇది తట్టదు, మీకు తెలుసు. మోటారు కాలిపోతే బోరులోంచి పైపులు పైకి లాగాలి. ఒక్కో జీఐ పైపు 20 అడుగులు ఉంటుంది. పొలాల్లో 11 కేవీ తీగ నేల నుంచి కనీసం 4.6 మీటర్ల ఎత్తున ఉండాలని నిబంధన. అంటే సుమారు 15 అడుగులు. పైకి లేచిన 20 అడుగుల ఇనుప పైపు ఆ తీగకు తగలడానికి ఒక్క క్షణం చాలు. మన జిల్లాల్లో మోటారు తీస్తూ ఇలా ప్రాణాలు పోగొట్టుకున్న రైతులు, మెకానిక్‌లు ఉన్నారు. మీ బోరు నుంచి ఆ సున్నం గుర్తుల లైన్ ఎన్ని అడుగుల దూరంలో పోతుందో టేపు పెట్టి కొలిపించి, ఆ అంకె రాయండి. రేపు కొత్త బోరు వేయాలన్నా రిగ్గు బండి తీగ కింద నిలబడలేదు. ఇంటి సంగతీ అంతే. 11 కేవీ తీగకూ ఇంటి పైభాగానికీ మధ్య నిలువుగా 3.7 మీటర్లు, గోడకు పక్కగా 1.2 మీటర్లు ఖాళీ ఉండాలి. ఒక అంతస్తు కట్టి పైన ఇంకోటి వేద్దామనుకునే మీ అబ్బాయికి ఆ స్థలం ఇక పనికిరాదు. ఇదే విషయం ప్రభుత్వ విద్యుత్ తనిఖీ అధికారికి కూడా ఒక లేఖగా రాయండి. భద్రతా దూరాలు చూడాల్సిన బాధ్యత ఆ శాఖది.

ఇక్కడ నా సొంత అనుభవం ఒకటి చెబుతాను. నేను వకీలు వృత్తిలోకి రాకముందు మా నాన్న పొలంలో ఇలాగే ఒక స్తంభం పాతారు. ఎవరో తెల్ల కాగితం మీద వేలిముద్ర వేయించుకుని, 'ఊరందరికీ కరెంటు కదా' అన్నారు. నాన్న కాదనలేదు, ఎందుకంటే ఆ మాట ఆయనకు గౌరవంగా అనిపించింది. ఆ స్టే వైరుకు దున్నుతున్న ఎద్దు తగిలి కాలు విరిగిన రోజు, ఆ కాగితంలో ఏం రాశారో చూద్దామని ఆఫీసుకు వెళ్తే చూపించేవాళ్లే లేరు. ఆయన పోయేదాకా ఆ మూల దున్నలేదు. మీ ఉత్తరం చదువుతుంటే ఆ మూల గుర్తొచ్చింది. అందుకే సంతకం గురించి మొదటి మాటగా చెప్పాను.

ఇప్పుడు కోర్టు సంగతి. జిల్లాలో సివిల్ కోర్టులో ఇంజంక్షన్ దావా వేద్దామని మీకు చాలామంది చెబుతారు. అది దగ్గర, అలవాటైన దారి. కానీ 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించారు. మౌలిక సదుపాయాల ప్రాజెక్టులు ఆగిపోయేలా ఇంజంక్షన్ ఇవ్వకూడదని చేర్చారు, ఆ పట్టికలో విద్యుత్ పంపిణీ కూడా ఉంది. ఇది ప్రాజెక్టు కాదు, ఒక ప్రైవేటు వెంచర్ కోసం చేసే మార్పు అని మీ వకీలు వాదించొచ్చు, నేనైతే వాదిస్తాను కూడా. కానీ ఆ వాదన తేలేలోపు లైన్ ఛార్జ్ అయిపోయే ప్రమాదం ఉంది. మీ పరిస్థితిలో హైకోర్టులో 226వ అధికరణ కింద, అధికారుల చర్యను నేరుగా సవాలు చేసే రిట్ పిటిషన్ మేలు. నోటీసు లేదు, సమ్మతి లేదు, కలెక్టర్ ఉత్తర్వు లేదు, ప్రైవేటు లాభం కోసం ప్రజల పేరు మీద ఇచ్చిన అధికారం వాడుతున్నారు, 300ఎ అధికరణ కింద నా ఆస్తి హక్కుకు భంగం కలుగుతోంది, ఈ ఐదు ముక్కలే రిట్‌కు వెన్నెముక. దాంట్లో వెంచర్ వాళ్లను కూడా ప్రతివాదులుగా చేర్చాలి. చాలామంది సంస్థ ఒక్కదాన్నే చేర్చి పొరపాటు చేస్తారు.

గెలుస్తానా అని అడిగారు. లైన్ శాశ్వతంగా రాకుండా ఆగుతుందని నేను మాట ఇవ్వలేను. 164 ఉత్తర్వు గనక ఉండి, ఈ మార్పు వ్యవస్థ మెరుగుదల కోసమేనని సంస్థ చూపించగలిగితే కష్టమే. కానీ మీకు నోటీసు ఇచ్చి, మీ మాట విని, వేరే దారులు పరిశీలించి కలెక్టర్ నిర్ణయం తీసుకునేదాకా పని ఆపమనే ఉత్తర్వు అడగడానికి మీకు గట్టి కారణాలున్నాయి. నా అనుభవంలో అది వచ్చిన చాలా కేసుల్లో అలైన్‌మెంట్ దానంతట అదే మారుతుంది. ఏడాదిపాటు కలెక్టరేట్ చుట్టూ తిరగడం కన్నా తన రోడ్డు పక్కన స్తంభాలు వేసుకోవడమే వెంచర్ వాళ్లకు చవక.

ఈలోగా పొలంలో ఎవరితోనూ గొడవపడకండి. స్తంభం కూల్చడం, గుంతలు పూడ్చడం, లైన్‌మన్‌ను నెట్టడం లాంటివి వద్దే వద్దు. మీ అబ్బాయికి ఈ మాట గట్టిగా చెప్పండి. పని చేస్తున్న లైన్‌మన్ మీ శత్రువు కాదు, అతను ఆర్డర్ ప్రకారం వచ్చాడు. ఏఈ గారు అన్న 'కేసు' కూడా ఊరికే అడ్డు చెప్పినందుకు కాదు. సంస్థకు అడ్డంకి వస్తే టెలిగ్రాఫ్ చట్టం 16వ సెక్షన్ కింద అది కలెక్టర్ దగ్గరికి వెళ్లి అనుమతి తెచ్చుకోవాలి. ఆ ఉత్తర్వు వచ్చాక కూడా అడ్డుపడితేనే ఆ చట్టం కింద నేరం. మీరు నోటితో, రాతతో వద్దనడం నేరం కాదు. కాబట్టి మళ్లీ మనుషులు వచ్చినప్పుడు ఫోన్‌లో జీపీఎస్ కెమెరా యాప్‌తో తేదీ, చోటు పడేలా ఫొటోలు తీయండి, ఇద్దరు పొరుగు రైతులను నిలబెట్టుకుని 'నాకు అభ్యంతరం ఉంది, రాతపూర్వకంగా ఇచ్చాను' అని చెప్పండి, అంతే.

డబ్బు గురించి ఇప్పుడు. ఒకవేళ చివరికి లైన్ మీ పొలంలోంచే పోవాల్సి వస్తే, 50 వేలు అనేది ఎవరు ఎలా లెక్కగట్టారో అడగండి. నాకు తెలిసి దాని వెనుక ఏ లెక్కా ఉండదు. 2007లో కేరళ విద్యుత్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు, పరిహారం కట్టేటప్పుడు ఏం చూడాలో చెప్పింది. భూమి ఎక్కడుంది, తీగలు ఎంత దూరంలో ఉన్నాయి, లైన్ ఎంత మేర పోతోంది, చిన్న కమతం మీదుగా పోతోందా, నడిమధ్య నుంచి పోతోందా, ఇవన్నీ చూడాలి. మీ కమతం చిన్నది. లైన్ ఐమూలగా నడుమ నుంచి పోతోంది. పక్కనే ప్లాట్ల వెంచర్ ఉందంటే మీ భూమి విలువ కూడా పెరిగిందన్నమాటే, ఆ వెంచర్ ధరలే మీకు సాక్ష్యం. చెట్లూ పైరూ పోతే వాటి లెక్క వేరు. ఒక జాగ్రత్త. టవర్ కింది భూమికి విలువలో 200 శాతం, తీగల కింది దారికి 30 శాతం అని కేంద్రం 2024 జూన్‌లో ఇచ్చిన మార్గదర్శకాలను చూపించి మీకూ అంతే వస్తుందని ఎవరైనా అంటే ఆశ పెట్టుకోకండి. అవి పెద్ద టవర్ల లైన్ల కోసం ఇచ్చినవి. మీ 11 కేవీకి 2006 నిబంధనల కింద కలెక్టర్ కట్టే మొత్తమే ఆధారం. అదే టెలిగ్రాఫ్ చట్టం దారిలో వెళ్లారంటే, పరిహారం చాలలేదని జిల్లా జడ్జి దగ్గర పిటిషన్ వేయొచ్చు. దానికి మూడేళ్ల గడువు వర్తిస్తుందని సుప్రీంకోర్టు 1976లోనే తేల్చింది. తర్వాత చూద్దాంలే అని వదిలేసిన వాళ్లు ఆ మూడేళ్లు దాటాక నా దగ్గరికి వస్తుంటారు, చెప్పడానికి నా దగ్గర ఏమీ ఉండదు.

హైకోర్టు ఖర్చు ఎలా అని మీరు అడగలేదు గానీ, రాత్రిళ్లు నిద్ర పట్టకపోవడంలో అదీ ఉంటుందని నాకు తెలుసు. 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. సంగారెడ్డి కోర్టు ఆవరణలో జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంటుంది, హైకోర్టులోనూ దాని కమిటీ ఉంటుంది. 15100 నంబరుకు ఫోన్ చేస్తే ఎక్కడికి వెళ్లాలో చెబుతారు. ఆధార్, పట్టాదారు పాస్‌బుక్, ఫొటోలు పట్టుకుని వెళ్లండి.

డబ్బు తీసుకోమన్న పెద్దమనుషులను తప్పు పట్టకండి. ఊళ్లో గొడవ వద్దనే ఉద్దేశంతో అన్నారు. వాళ్లనే ఒకసారి పొలానికి తీసుకెళ్లి, బోరు దగ్గర నిలబెట్టి, ఆ సున్నం గుర్తులను చూపించండి. రేపు కలెక్టరేట్‌లో సాక్షులుగా వాళ్లే కావాల్సి రావొచ్చు.

వచ్చే సోమవారం కలెక్టరేట్‌లో ప్రజావాణి ఉంటుంది. అర్జీ మూడు నకళ్లు, టిప్పన్ మీద గీయించిన బొమ్మ, పాస్‌బుక్ జిరాక్సు, ఫొటోలు తీసుకెళ్లండి. అర్జీ ఇచ్చాక నంబరున్న రసీదు అడిగి తీసుకున్నాకే బయటికి రండి. అదే రోజు ఏఈ, ఆయన పై అధికారులైన ఏడీఈ, డీఈ ఆఫీసులకు ఒక్కో నకలు స్పీడ్ పోస్టులో పంపించి, ఆ చీటీలు దాచుకోండి. మంగళవారం పొద్దున పొలానికి వెళ్లి స్తంభాలెన్ని ఉన్నాయో లెక్కపెట్టి, ఆ ఫొటోతో పాటు రసీదు నకలు నాకు పంపించండి. కొత్తగా ఇంకో స్తంభం లేచి ఉంటే రిట్‌కు ఆ వారమే వెళ్దాం.

— మీ వకీలు